ఉప్పు లేని చిలగడదుంపలు

మా ఆయనకు కిడ్నీలు పాడయ్యాక, చిలగడదుంపల జోలికి పోవద్దని పలాసలో డాక్టరు గట్టిగా చెప్పాడు. ఆయనకేమో అవంటే ప్రాణం. డయాలసిస్ చేయించుకుని వస్తూ బజారులో దుంపలు కనబడితే ఆటో ఆపించేవాడు. ఆయన పోరు పడలేకపోయేదాన్ని. నానబెట్టి, ఉడికించి, ఆ నీళ్లు పారబోస్తే దుంపలోని పొటాషియం చాలావరకు పోతుందని, ఎప్పుడైనా నాలుగు ముక్కలు పెట్టొచ్చని డయాలసిస్ చేసే నర్సమ్మ చెప్పింది.

సన్నగా, పొడుగ్గా కోసి అలాగే చేసేదాన్ని. నీళ్లన్నీ పెరట్లో కొబ్బరిచెట్టు మొదట్లో పోసేదాన్ని. ముక్కలు గుడ్డ మీద ఆరాక బియ్యప్పిండి, కారం, కాస్త నూనె పట్టించి, ఓవెన్‌లో కరకరలాడేదాకా కాల్చేదాన్ని. ఉప్పు మాత్రం వేసేదాన్ని కాదు.

"రుచంతా కొబ్బరిసెట్టుకి పోసీసి, నాకేటి పెడతన్నావే?" అనేవాడు.

"నోర్మూసుకుని తిను బావా" అని కసిరేదాన్ని.

ఆయన పోయాక నిన్ననే మళ్లీ చేశాను. ముక్కలు నానబెట్టలేదు, ఉడికించలేదు. ఉప్పు కూడా వేశాను. ఒక ముక్క నోట్లో పెట్టుకుంటే ఎంత రుచిగా ఉందో! ఆ రుచి మీద నాకు పట్టరాని కోపం వచ్చింది. పళ్లెం తీసుకెళ్లి కొబ్బరిచెట్టు మొదట్లో బోర్లించేశాను.