పసుపు చేలో అడుగు

పచ్చి పసుపు వాసన తగిలితే చాలు, సీతంపేట అవతలి కొండల్లో నేను సర్వేయరుగా కొత్తగా చేరిన రోజులు గుర్తొస్తాయి.

కింది ఊరి రైతు సాగుచేస్తున్న భూమిని సవర తెగకు చెందిన ఒక ముసలమ్మకు తిరిగి అప్పగించమని హైకోర్టు తీర్పిచ్చింది. ఆలస్యమైనందుకు మా తహసీల్దారుగారి మీద కోర్టు ధిక్కారం కేసు పడింది. మర్నాడే వాయిదా. పరుగున వెళ్లి హద్దురాళ్లు పాతాం. ఆవిడ చేలో అడుగుపెట్టి స్వాధీనం చేసుకుంటేనే తీర్పు అమలైనట్టు. ఆవిడ మాత్రం గట్టు దిగలేదు.

“ఆడేసిన పసుపింకా బూమిలోనే ఉంది బాబూ. ఆడు తవ్వుకున్నాక ఒత్తాను.”

“రేపు నన్ను జైలుకి పంపుతారమ్మా!” సారు చేతులు జోడించారు.

“జైలేటి బాబూ! పిల్లలున్నోడివి” అంటూ ఆవిడ గబుక్కున చేలోకి దిగింది. పక్కనే నిలబడ్డ రైతుతో, “నీ పసుపు నువ్వే తవ్వుకో” అంది.

ఏళ్ల తరబడి కోర్టుల చుట్టూ తిరిగి గెలుచుకున్న తన భూమిలోకి ఆవిడ చివరికి దిగింది, మా సారు కోసం!