చీరలో పడిన నిద్ర

మా మగ్గం మీద చెయ్యి వేసి, అహోబిలం నరసింహస్వామిని సాక్షిగా పెట్టుకుని ప్రమాణం చేస్తున్నాను: ఇక్కడ రాసేదంతా అక్షరాలా నిజం.

మా వీధిలో నా ప్రమాణాలకు పెద్దగా గిరాకీ లేదని నాకు తెలుసు. అహోబిలం కొండలో ఒక కోతి నా కళ్లజోడు ఎత్తుకుపోయి, పెట్టుకుని నాలుగు దిక్కులూ చూసి, నంబరు సరిపోక తిరిగి తెచ్చిచ్చిందని ఒకప్పుడు చెప్పాను. ఎండాకాలం కర్నూలు బస్టాండులో తారుకు చెప్పు అతుక్కుపోతే వదిలేసి బస్సెక్కాననీ, మరుసటి వారం వెళ్లి అదే చెప్పులో కాలు దూర్చుకున్నాననీ కూడా చెప్పాను. జనం నవ్వారు. నాకూ అంతకుమించి ఏమీ అక్కర్లేదు. తీరా నిద్ర సంగతి చెప్పినప్పుడు కూడా అలాగే నవ్వారు. అక్కడ చిక్కొచ్చి పడింది.

మాది కడప జిల్లాలో మగ్గాల ఊరు. ముందుగదిలోనే గుంట మగ్గం. నేను గుంటలో కాళ్లు పెట్టుకుని నేస్తుంటే, పక్కనే రాట్నం ముందు కూర్చుని మా ఇంటామె కండెలకు నూలు చుడుతుంది. బజారులో సావుకారు నిలువు పోగుల పడుగూ, అడ్డానికి నూలూ ఇస్తాడు, మేము చీర నేసి తీసుకెళ్లి ఇస్తాం, ఆయన కూలి ఇస్తాడు. పోయిన వానాకాలం మా వీధిలో వైరల్ జ్వరం పెళ్లిపత్రిక పంచినట్టు ఇంటింటికీ తిరిగింది. ఎదురింటాయనకు కీళ్లు పట్టుకున్నాయి. ఇంకొకరికి నోరు చేదెక్కి అన్నం సహించలేదు. నాకు జ్వరం వచ్చిన దారినే పోయింది గానీ, దానితోపాటు వచ్చిన నిద్ర మాత్రం మా ఇంట్లోనే కాపురం పెట్టింది.

అది మామూలు కునుకు కాదు. పొద్దున సంగటి తిని మగ్గంలో దిగితే, కాసేపటికి ఒళ్లు తడిసిన నూలులా బరువెక్కేది. కండెను మోసుకుని నాడె ఈ కొస నుంచి ఆ కొసకు పోవడం చూసేవాణ్ని, తిరిగి రావడం చూసేవాణ్ని కాదు. పోనీ రాత్రైనా హాయిగా పడుకున్నానా అంటే, అప్పుడది ముక్కలు ముక్కలుగా వచ్చేది. తెల్లారి లేస్తే రాత్రంతా నన్నే మగ్గంలో పెట్టి నేసినట్టు ఉండేది.

దాచుకుందామన్నా కుదరదు. మా వీధిలో మగ్గం చప్పుడే హాజరు. చప్పుడు ఆగితే చుట్టుపక్కల అందరూ తలెత్తుతారు. చుట్టాలొచ్చారా, పోగు తెగిందా, ఇంట్లో కొట్లాటా అని.

"ఏమప్పా, మగ్గం మూగబోయిందే?" అని ఎదురింటాయన అరిచేవాడు. నాకంటే పెద్దవాడు, నాకు మామ వరస.

"నిద్దర మామా! జొరం పోయినప్పటినుంచీ ఇంతే."

"ఆ కోతిని పిలిపీ! కళ్లజోడు ఎత్తుకపోయినట్టు నిద్దర గూడా ఎత్తుకపోతాది."

వీధంతా పకపకా నవ్వేది. మా ఇంటామె మాత్రం నవ్వేది కాదు. రాట్నం తిప్పుతూనే అనేది:

"రాత్రి ఫోను చూసేది, పగలు నిద్దరనేది."

"చూల్లేదే."

"నువ్వు చూల్లేదంటే చూసినట్టే."

మెలకువగా ఉండడానికి నేను చేయని పని లేదు. మొహం మీద చన్నీళ్లు కొట్టుకున్నాను. పంటి కింద ఎండుమిరపకాయ పెట్టుకున్నాను, దాన్ని కొరుకుతూనే నిద్రపోయాను. మామ కడప దర్గాకు వెళ్లి దారం కట్టించుకోమంటే ఆ పనీ చేశాను. వెళ్లేటప్పుడు షేర్ ఆటోలో ఎవరో ముసలాయన భుజం మీద తల వాల్చేశాను. దర్గా దగ్గర లేచి చూస్తే ఆయన కదలకుండా కూర్చునే ఉన్నాడు. తన వీధి ఎప్పుడో దాటిపోయిందట. "పర్వాలేదు బేటా, శానా అలిసిపోయిండావు" అన్నాడు. ఆ కొన్ని వారాల్లో నేను చెప్పకుండానే నా అలసటను నమ్మినవాడు ఆయనొక్కడే.

ఈలోగా సావుకారు చీర వెనక్కిచ్చాడు. నా చేతి చీర వెనక్కి రావడం అదే మొదటిసారి.

"ఏందప్పా ఈ నేత? ఈడ దోమతెర మాదిరి, ఈడ దడి కట్టినట్టు. ఎవురు కట్టుకుంటారు దీన్ని?"

జ్వరం సంగతి, నిద్ర సంగతి అంతా చెప్పాను. ఆయన శ్రద్ధగా విన్నాడు.

"కత బాగుండాది. చీర బాగలేదు. ఇంకొక్కటి ఇట్లొస్తే పడుగు ఇంకొకరికిస్తా, ఏమనుకోవద్దు."

అనుకోవడానికేముంది? పడుగు లేని మగ్గం కట్టెల పొయ్యికి తప్ప దేనికీ పనికిరాదు. నాకు చేతనైన పనులు రెండే, ఒకటి నేత, రెండోది కోతలు. రెండోదానికి కూలి ఇచ్చేవాళ్లు ఎవరూ లేరు.

ఆ చీరను మా ఇంటామె మిద్దె మీదికి తీసుకెళ్లింది, సరిచేయడానికి వీలవుతుందేమో చూద్దామని. నేత చూడాలంటే ఎండకు అడ్డం పట్టి చూస్తాం మేము. చాలాసేపు కిందికి దిగలేదు. తర్వాత పిలిచింది.

"ఇట్ల రా. ఇది చూడు."

ఒక కొస నేను పట్టుకున్నాను. ఎండలో చీర వెలిగింది. బెత్తెడు మేర నేత కొంచెం కొంచెంగా పలచబడుతూ పోయింది. దాని చివర గట్టిగా ఒక గీత. మళ్లీ కొంత మంచి నేత. మళ్లీ పలచన, మళ్లీ గీత.

విషయం నాకు అర్థమైంది. కళ్లు బరువెక్కేకొద్దీ పోగును బిగించే చేతి దెబ్బ మెత్తబడింది. మెత్తటి దెబ్బకు పోగులు దగ్గరికి జరగవు. ఉలిక్కిపడి లేచి, పోయిన పనంతా ఒక్క దెబ్బలో పూడ్చినట్టు కొట్టాను. అదీ ఆ గీత.

"నటించేవోడు బాగ నేసి టక్కున ఆపుతాడు" అంది ఆమె, గుడ్డ మీది నుంచి కళ్లు తీయకుండా. "ఇది ఆపింది కాదు. బెత్తెడు దూరం నిద్దరతో కొట్లాడి కొట్లాడి పడిపోయిండావు."

"నేను చెప్తానే ఉండా కదే."

"నోటితో నువ్వు ఏమన్నా చెప్తావు. నేతలో ఎప్పుడూ అబద్ధం చెప్పలేదు." చీర మడిచి చంకలో పెట్టుకుంది. "రేపు కడపకు పోదాం పద. డాక్టరమ్మ కాడ నువ్వు నోరు తెరవద్దు. నువ్వు చెప్తే ఆమె గూడా నమ్మదు."

నోరు తెరవలేదు. అంతా ఆమే చెప్పింది, జ్వరం దగ్గర మొదలుపెట్టి చీర దాకా. డాక్టరమ్మ ఓపిగ్గా విని, గురక పెడతాడా అని అడిగి, రక్తపరీక్షలు రాసింది. కొన్ని వైరస్ జ్వరాలు తగ్గాక కొందరికి నెలల తరబడి నిద్ర గాడి తప్పుతుందట. వైరస్‌తో ఒళ్లు చేసిన పోరాటం ప్రభావం మెదడులో నిద్రనూ మెలకువనూ నడిపే చోట మిగిలిపోవచ్చునట. ఇతనిది కూడా అదేనని ఖాయంగా చెప్పలేను, మిగతా కారణాలు లేవని తేల్చుకోవాలి అంది. రోజూ ఒకే వేళకు లేవమంది, మధ్యాహ్నం ఒక కునుకు తీయమంది, బండి మాత్రం ముట్టొద్దంది.

"అంటే ఈయప్ప అబద్ధం చెప్పలేదా మేడమ్?"

"ఈ ఒక్క విషయంలో చెప్పలేదమ్మా" అంది డాక్టరమ్మ. నా సంగతి ఆమెకు ఎవరు చెప్పారో!

అప్పటినుంచి పొద్దున చల్లని పూట మాత్రమే నేశాను. మధ్యాహ్నం దర్జాగా పడుకున్నాను. తర్వాతి చీర ముగించి సావుకారుకు ఇస్తే, ఆయన గుమ్మంలోకి వచ్చి, ఎండకు పట్టి, ఈ కొస నుంచి ఆ కొస దాకా చూశాడు. ఒక్క గీత లేదు. కొత్త పడుగు నా చేతికిచ్చి, "ఇప్పుడు చెప్పప్పా నీ కత, వింటా" అన్నాడు.

మొదట్లోనే ప్రమాణం చేశాను గనక ఇది కూడా చెప్పెయ్యాలి. ఆ చివరి చీర నేనే నేశాననడం మాత్రం కోత. మొదలుపెట్టింది నేనే. మూరెడు నేసేసరికి చెయ్యి మెత్తబడింది. మా ఇంటామె పలచబడిన పోగులు వెనక్కి తీసేసి, నన్ను లెమ్మని తను గుంటలో దిగింది. మిగతాదంతా ఆమె చేతి నేత. ఆమె దెబ్బ నాకంటే బిగువు, చప్పుడు వేరు. ఎదురింటి మామకు తెలిసిపోయే ఉంటుంది. అయినా కోతి ఊసు ఎత్తలేదు. సావుకారుకు తెలిసిందో లేదో మరి, తెలిసినా పడుగైతే ఇచ్చాడు.

ఇప్పుడు రాట్నం నాది. కండె చుడుతూ నిద్రపోతే చక్రం ఆగుతుంది, అంతే, గుడ్డ పాడు కాదు. సాయంత్రానికి ఆమె భుజాలు పట్టేస్తే నూనె రాసి పిసుకుతాను. అలా పిసుకుతూ కూడా రెండుసార్లు నిద్రపోయాను. డాక్టరమ్మ కొన్ని నెలలంది. ఎన్నని నేను అడగలేదు, ఆమె చెప్పనూ లేదు.

నూలు అయిపోయిందని పిలుస్తోంది. లేవాలి.