ఎండోమెట్రియానికి స్టెప్ మార్కులు

పట్టపగలు, ఒక సూపర్ మార్కెట్ బయట, మనిషికీ మనిషికీ రెండు మీటర్ల ఎడంతో బుద్ధిగా నిలబడ్డ ఐరిష్ జనం మధ్య, ఒక జీవశాస్త్ర పదాన్ని గొంతు చించుకుని అరిచిన తెలుగువాణ్ణి మీరెప్పుడైనా చూశారా? ఐర్లండ్‌లో మేముండే స్వోర్డ్స్ ఊళ్ళో చాలామంది చూశారు. ఆ రోజు మాస్కు నా ముక్కునీ నోటినీ కాపాడింది గానీ, పరువు దాకా దాని గుడ్డ చాల్లేదు. జరిగిందంతా చెబుతాను. తప్పు నాదేనని మీరు తేల్చేస్తారనీ తెలుసు. అయినా నా కోపం ఇంకా చల్లారలేదు, ముందే చెబుతున్నాను.

అది కరోనా కాలం. బళ్ళు మూసేశారు. మా అమ్మాయి హారిక లీవింగ్ సర్ట్‌లో ఉంది. అంటే మన ఇంటర్మీడియట్ లాంటి గండం. పశువుల డాక్టరు కావాలని దాని పట్టుదల. ఆ ఏడు పరీక్షలు రద్దు చేసి, పిల్లల పని చూసి టీచర్లే మార్కులు అంచనా వేస్తారన్నారు. పైగా ఆ మార్కుల గురించి తల్లిదండ్రులు టీచర్ల దగ్గర నోరెత్తకూడదట! నోరెత్తకూడదట, విన్నారా? మాస్టారు పేపర్లు దిద్దుతున్నారని తెలిస్తే చాలు, మా నాన్న అరటిగెల పట్టుకుని "మావాణ్ణి కాస్త చూడండి" అనడానికి బయల్దేరేవాడు. ఆ వంశంలో పుట్టినవాడి నోరు కుట్టేస్తే ఊపిరాడుతుందా?

ఒకరోజు హారిక బయాలజీ టీచరు మిసెస్ కీన్ ఆఖరి హోంవర్కు ఇచ్చింది. 'ఎండో'తో మొదలయ్యే పది మాటలకు సొంత మాటల్లో అర్థం రాయాలి. మధ్యాహ్నంలోగా పంపాలి. హారిక "వచ్చి రాస్తా" అని నడకకు పోయింది. లాప్‌టాప్ వంటింటి బల్ల మీద తెరిచే ఉంది. అలా తెరిచి ఉంచడం దాని తప్పా, నా తప్పా? మీరే చెప్పండి.

నేను చదివింది ఎంపీసీ. జీవశాస్త్రంతో నా పరిచయం బొద్దింకని చెప్పుతో కొట్టడం వరకే. అయితేనేం? బయట ఎండో వానో తేలని దేశంలో ఇన్నేళ్ళు కాపురం చేసినవాణ్ణి, ఈ ఎండోని తేల్చలేనా? వెతికితే దొరికింది. గ్రీకులో ఎండో అంటే 'లోపల'. ఓస్, ఇంతేనా! ఒక్క 'హారా'నికి ఉపసర్గలు తగిలించి ఆహారం, విహారం, సంహారం అన్నీ కానిచ్చిన జాతి మనది. ఇక్కడ తల ఒకటే, తోకలే పది. తల చేతికి చిక్కాక తోకలెంత?

"ఏవండీ, దాని హోంవర్కు మీకెందుకండీ?" అంది మా ఆవిడ శైలజ.

"సాయం చేస్తున్నానే."

"మొన్న డిష్‌వాషర్‌కి చేసిన సాయం ఇంకా కారుతూనే ఉంది."

పట్టించుకోలేదు. ఎండోస్కెలిటన్: ఒంటి లోపలి అస్థిపంజరం. ఎండోక్రైన్ గ్రంథి: తన రసాన్ని ఎవరికీ పెట్టకుండా లోపలే దాచుకునే పిసినారి గ్రంథి. ఎండోమెట్రియం దగ్గరికొచ్చేసరికి చెయ్యి దానంతట అదే పరిగెత్తింది. శరీరం లోపల వేడిని కొలిచే మీటరు! పొద్దున లేస్తే జ్వరం చూసుకుంటున్న రోజులాయె. "ఈ మహమ్మారి కాలంలో ప్రతివారూ తమ ఎండోమెట్రియాన్ని గమనించుకోవలెను" అని ఒక హితవాక్యం కూడా చేర్చి, హారిక పేరు మీద పంపేశాను.

హారిక వచ్చి చూసుకుంది. మొహం పాలిపోయింది.

"డాడ్! వాట్ డిడ్ యూ డూ?"

"సాయం చేశానమ్మా."

"ఇట్స్ ఆల్ రాంగ్! ఆవిడ చూసే లాస్ట్ వర్క్ ఇదే. ఇప్పుడు మిస్ నన్ను థిక్ అనుకుంటుంది!"

థిక్ అంటే ఇక్కడ మొద్దు అని. తలుపు ధడేలున వేసుకుంది. ఎక్కడ తప్పో అడిగే అవకాశం కూడా ఇవ్వలేదు. సాయంత్రానికి మార్కులొచ్చాయి. పదికి రెండు!

అయ్యా, జీవితంలో నాకెప్పుడూ పదికి రెండు రాలేదు. హారిక ఏడుస్తుంటే కడుపు తరుక్కుపోయిన మాట నిజమే. అంతకంటే గట్టిగా నా రక్తం ఉడికిపోయిన మాట కూడా నిజమే.

"ఉన్న సంగతి మెయిల్ రాసెయ్యనా?" అన్నాను.

"నో! కాంటాక్ట్ చెయ్యకూడదు నాన్నా! ఇంకా వర్స్ అవుతుంది!"

సరేనని మాటిచ్చాను. మెయిల్ రాయనని మాత్రమే ఇచ్చాను.

శనివారం సరుకులకని వెళ్ళి క్యూలో నిలబడితే, నాకు ఇద్దరి ముందు సాక్షాత్తూ మిసెస్ కీన్! ఇంట గెలిచి రచ్చ గెలవమన్నారు పెద్దలు. ఇంట్లో ఎటూ ఓడిపోయాను కాబట్టి సరాసరి రచ్చకే దిగాను.

"మేడం! నేను హారిక నాన్నని!"

ఆవిడ రెండు చేతులూ పైకెత్తింది. "నమస్కారమండీ. మార్కుల గురించి నేనేమీ మాట్లాడకూడదు."

"మార్కుల గురించి కాదు మేడం, న్యాయం గురించి!"

"అదీ మార్కుల గురించేనండీ."

మా ఇద్దరి మధ్యా ఒక కుర్రవాడు, ఒక పెద్దావిడ, బోలెడు ఖాళీ. అరవక తప్పలేదు.

"ఎండో అంటే లోపల! పది జవాబుల్లోనూ 'లోపల' అని ఉంది! లెక్క తప్పినా సూత్రం రాస్తే మా దగ్గర స్టెప్ మార్కులు వేస్తారు! ఎండోమెట్రియానికి సున్నా ఎలా వేశారు మేడం? ఎండోమెట్రియానికి!"

పెద్దావిడ జాలిగా వెనక్కి తిరిగింది.

"ఏమైంది నాయనా? ఇంట్లో ఎవరికైనా ఎండోమెట్రియం బాగాలేదా?"

"అది కాదమ్మా. అదే, ఒంట్లో జ్వరం కొలిచే..."

"జ్వరమా! అది గర్భసంచి లోపలి పొర కదయ్యా! నాకు సంచితో సహా తీసేశారు. ఉన్నన్నాళ్ళూ నన్ను నానా తిప్పలూ పెట్టింది గానీ, జ్వరం సంగతి మాత్రం ఒక్కనాడూ చెప్పలేదు."

మాస్కుల వెనక కిసకిసలు మొదలయ్యాయి. నాకు చెవుల దాకా ఆవిర్లు కమ్మాయి. గర్భసంచి! దాన్ని ప్రతివారూ గమనించుకోవలెనని నా బిడ్డ పేరు మీద ఒక టీచరుకు హితవు చెప్పానా! ఆ క్షణంలో కోపం, సిగ్గు, పితృప్రేమ ఒక్కసారే తన్నుకొచ్చాయి.

"మేడం! అది రాసింది మా అమ్మాయి కాదు! దానికన్నీ వచ్చు! రాసింది నేను! దాన్ని థిక్ అనుకోకండి, నన్ను అనుకోండి!"

మిసెస్ కీన్ పూర్తిగా నావైపు తిరిగింది.

"అంటే ఆ జవాబులు హారికవి కావు?"

"ఒక్కటీ కాదు."

"అయితే వాటిని పక్కన పెట్టేస్తాను. తన జవాబులు తనే రాసి సోమవారంలోగా పంపమనండి."

అప్పటికి ఊపిరి పీల్చుకున్నాను. అక్కడితో ఊరుకుంటే ఎంత బాగుండేది! ఆవిడే ఊరుకోలేదు.

"హారిక మార్కుల గురించి నేనొక్క ముక్క కూడా మాట్లాడనండీ, నిబంధన. కానీ మీరు నా విద్యార్థి కాదు గనక, మీ మార్కుల గురించి ధారాళంగా మాట్లాడొచ్చు. మీకొచ్చిన రెండింటిలో ఒకటి అస్థిపంజరానికి. రెండోది, పది చోట్లా 'లోపల' అని రాసినందుకు. స్టెప్ మార్కులు వేయలేదని మాత్రం అనకండి."

క్యూలో ఎవరో చప్పట్లు కొట్టారు. నేను నోరు మూసుకుని ఉండాల్సింది. "రీవాల్యుయేషన్‌కి ఎవరికి పెట్టుకోవాలి మేడం?" అన్నాను.

హారికకు సీటొచ్చింది. నాకు మాత్రం ఈనాటికీ ఆ రెండే. కనుక పాఠకుల సాక్షిగా ప్రమాణం చేస్తున్నాను. ఇక జన్మలో నా పిల్లల తరఫున జవాబులు రాయను. ఒకవేళ రాసినా, నా మార్కుల కోసం వీధిలో పోట్లాడను. ఒకవేళ పోట్లాడినా, ముందుగా ఆ మాట నా దగ్గర ఉండే అవయవమేనా కాదా అన్నది కనుక్కుని మరీ అరుస్తాను.