అప్ప ఇంటి శ్లాబు

భూకంపం ఎప్పుడొస్తుందో చెప్పలేనివాడికి జీతం ఎందుకని మా ఊళ్లో నన్ను అడగనివాళ్లు లేరు. నేను రాజాంలో ఓ ఇంజనీరింగ్ కాలేజీలో సివిల్ పాఠాలు చెబుతాను. పుట్టింది మాత్రం కళింగపట్నం దగ్గర, సముద్రం మీద చేపల వేటకెళ్లేవాళ్ల ఇంట్లో. రెండేళ్ల కిందట ఓ ఉదయం మా వైపు భూమి కొంచెం కదిలింది. అటకల మీద గిన్నెలు చప్పుడు చేశాయి, అంతే. ఎవరికీ ఏమీ కాలేదు. ఆ తర్వాత తీరం వెంట ఇళ్లు ఎంత గట్టిగా ఉన్నాయో చూసి రమ్మని మా కాలేజీకి పని వచ్చింది. ఊరివాడినని నన్ను మా ఊరికే పంపారు.

దేశం భూకంపాల పటంలో మా ప్రాంతానికి ప్రమాదం తక్కువ అనే రంగే వేసి ఉంటుంది. తక్కువ అంటే రాదని కాదు. దూరంగా సముద్రం అడుగున కదిలినా ఇక్కడ ఊగుతుంది, చిన్నది దగ్గరలోనే రావచ్చు కూడా. ఎప్పుడన్నది మన చేతిలో లేదు కాబట్టి, వస్తే ఏ ఇల్లు నిలుస్తుంది, ఏది నిలవదు అన్నదే చూడాలి. నా చేతిలో చిన్న సుత్తి ఉండేది. శ్లాబును కింద నుంచి తడితే, మంచిదైతే ఖంగుమంటుంది. లోపల డొల్లయితే బోలుగా పలుకుతుంది. దాన్నిబట్టి గుమ్మం పక్కన ఓ కాగితం అంటించాలి. ఆకుపచ్చ అయితే నిశ్చింతగా ఉండొచ్చు. పసుపైతే ఉంటూనే బాగు చేయించుకోవచ్చు. ఎరుపైతే ఖాళీ చేయాలి.

మొదటి రోజే వలలు బాగు చేసుకుంటున్న ఓ ముసలాయన నన్ను ఆపాడు. వరసకు నాకు మావ.

"తుపానుకైతే రెండు రోజుల ముందే సెప్తారు, జెండా ఎగరేస్తారు. మీ భూకంపానికి జెండా ఏదిరా అల్లుడా?"

"జెండా లేదు మావా."

"మరి నువ్వేటి సదివినావు ఇన్నాళ్లు?"

పక్కనున్నవాళ్లు పగలబడి నవ్వారు. నాకు ఒళ్లు మండింది. చదవేస్తే ఉన్న మతి పోయిందని వాళ్లు అనలేదు గానీ, ఆ నవ్వుకు అర్థం అదే. కోపం దాచుకునే అలవాటు నాకు లేదు. సుత్తి సంచిలో పడేసి విసవిసా నడిచి అప్ప ఇంటికి పోయాను.

అప్ప అంటే మా అక్క, నాకంటే తొమ్మిదేళ్లు పెద్దది. అమ్మ పోయాక నన్ను పెంచింది తనే. నా బాధ విని చేపలు కోస్తూనే అడిగింది.

"వస్తాదా, రాదా? ఒక్క మాట సెప్పు."

"రావచ్చు అప్పా."

"రావచ్చంటే రాకపోనూ వచ్చు."

"అవును."

"సేపలూ అంతే కదేటి. అయినా వలేసుకుని ఎల్తన్నారు. రావచ్చు అన్న మాట సాలురా మాకు. ఆ ముసిలోడికి అలాగ సెప్పు, ఊరుకుంటాడు."

కాలేజీలో ఏడాదంతా చెప్పినా పిల్లల బుర్రకెక్కని సంగతిని అప్ప చేపలు కోస్తూ తేల్చేసింది. నాకు నవ్వొచ్చింది, గర్వంగా కూడా అనిపించింది. మర్నాడు ఆ ముసలాయనకు అదే మాట చెప్పాను. నిజంగానే ఊరుకున్నాడు.

మా ఊళ్లో పూర్వం చేపలకు ఉప్పు పట్టించి ఒడ్డున ఇసుక మీదే ఎండబెట్టేవారు. ఇసుక అంటిన చేపకు బేరగాళ్లు వంకలు పెట్టేవారు. నాకు ఉద్యోగం వచ్చిన కొత్తలో, గుడిసె తీసేసి అప్పకు శ్లాబు ఇల్లు దగ్గరుండి కట్టించాను. మా వీధిలో అదే మొదటి శ్లాబు. ఇల్లు పూర్తయ్యాక మేడ మీద నిలబడి, "ఇంత చోటు పెట్టుకుని ఇసక్కెందుకు పోవడం? ఇక్కడే ఎండబెట్టు" అని అప్పతో నేనే అన్నాను. ఇసుక అంటని చేపలు ఇట్టే అమ్ముడుపోయేవి. చదువుకున్నోడు సెప్పాడంటూ వీధి వీధంతా అదే పద్ధతి పట్టారు. తర్వాత శ్లాబులు వేసుకున్నవాళ్లందరూ మేడ మెట్లు ముందు కట్టించి, గోడలు తర్వాత కట్టించినంత పని చేశారు.

ఏళ్ల తరబడి ఉప్పు నీరు కారుతున్న చేపలు ఆ కాంక్రీటు మీదే ఎండాయి. ఆ ఉప్పు మెల్లగా దిగి లోపలి ఇనుప చువ్వలను తినేసింది. తుప్పు పట్టిన చువ్వ ఉబ్బుతుంది, ఉబ్బి కింది పెచ్చును తోసేస్తుంది. పైన నిలబడితే ఏమీ కనిపించదు. కింద నుంచి చూస్తే చువ్వల వెంటే గీతల్లా పగుళ్లు ఉంటాయి. ఇది సివిల్ చదివిన ఏ పిల్లాడికైనా తెలిసిన సంగతి. మేడ మీద నిలబడి గొప్పగా సలహా ఇచ్చిన రోజున నాకు తట్టలేదు.

ఆ వీధిలో ఒక్కో ఇల్లూ తడుతూ పోయాను. మూడిళ్లకు ఎరుపు అంటించాను. అప్పకు ఎదురింటావిడ శాపనార్థాలు పెట్టింది. "నీ మాట ఇనే కదరా సేపలు పైన ఆరేసుకున్నాం. ఇప్పుడు నువ్వే పొమ్మంటావేటి?" అంది. అన్నా, వాకిట్లో రేకుల పంచ వేసుకుని అందులోకి మారింది.

అప్ప ఇల్లు చివర పెట్టుకున్నాను. నడిమి గదిలో స్టూలు వేసుకుని ఎక్కితే, నేను పడిపోకుండా అప్ప స్టూలు కాళ్లు పట్టుకుంది. తట్టాను. బోలుగా పలికింది. గది పొడవునా తట్టాను. ఎదురింటి శ్లాబు కంటే ఇదే అధ్వాన్నం. ఎందుకంటే అన్నిటికంటే పాతది ఇదే.

"ఏటి రంగు?" అంది అప్ప కింద నుంచి.

తను నన్ను ఇంకేమీ అడగలేదు. తగ్గించి రాయమనలేదు, ఊళ్లో పరువు పోతుందనలేదు. ఎరుపంటే సరేనని సామాను సర్దుకునే మనిషి. నాకే నోరు రాలేదు. నేను కట్టించిన ఇంటికి, నేను పాడుచేసిన ఇంటికి, నా చేత్తో ఎరుపు అంటించడం అవమానం అనిపించింది. శకునం చెప్పే బల్లి కుడితిలో పడిందని ఆ ముసలాయన నవ్వడం ముందే వినిపించింది.

"పసుపు" అన్నాను.

అప్ప ముఖం విచ్చుకుంది. కాగితం తనే అంటించింది, నాలుగు మూలలూ వేలితో రుద్ది మరీ. వచ్చే వేసవికి ఆ శ్లాబు కొట్టించి కొత్తది వేయిద్దామని అనుకున్నాను. నడిమి గదిలో మంచం వరండాలోకి మార్చుకో, గాలి బాగా వస్తుంది అని చెప్పాను. గాలి కోసం అని చెప్పాను, ప్రాణం కోసం అని చెప్పలేదు. చేపలు మళ్లీ ఇసుక మీదే ఎండబెట్టమంటే మాత్రం నవ్వేసింది. "నువ్వే కదేటి పైన ఎయ్యమన్నావు, నీకేటైంది?" అంది. వేసవి వచ్చింది. పరీక్ష పేపర్లు దిద్దే పని పడింది. వానలు తగ్గాక చూద్దాంలే అనుకున్నాను.

వానలు తగ్గకముందే మళ్లీ భూమి కదిలింది. పట్టపగలు, నేను క్లాసులో ఉండగా. బల్లలు గొణిగినట్టు కదిలాయి. పిల్లలు కేకలేస్తూ, నవ్వుతూ బయటికి పరుగెత్తారు. కొన్ని క్షణాలే. నేను వరండాలోకి రాకముందే అప్పకు ఫోన్ చేశాను. తీయలేదు. బావకు చేశాను. మూడోసారికి తీసి, "మీ అప్పకి తగిలినాదిరా, బేగి రా" అన్నాడు.

శ్రీకాకుళం ఆసుపత్రికి నేను చేరేసరికే అప్ప ప్రాణం పోయింది. ఊళ్లో ఒక్క ఇల్లు కూడా కూలలేదు. నడిమి గదిలో, తుప్పు చువ్వల కింది పెచ్చు మాత్రం చాపంత ఊడి పడింది. ఆ వేళకు చాలామంది ఒడ్డునే ఉన్నారు, ఆ వీధిలో ఇంట్లో ఉన్న మనిషి అప్ప ఒక్కతే.

ఎందుకు లోపలుందో నాకు అంతుపట్టలేదు. ఆ వేళకు ఎప్పుడూ వాకిట్లోనే చేపలు కోసుకుంటూ ఉంటుంది. దినాలన్నీ అయిపోయాక ఓ సాయంత్రం బావా నేనూ వాకిట్లో కూర్చున్నప్పుడు ఆ మాట అడిగాను. ఎదురింటావిడ చూసిందంతా బావ నాకు చెప్పాడు.

భూమి కదలగానే అప్ప కత్తిపీట వదిలేసి లేచిందట. మా ఊళ్లో గాలి లేచినా, నీరు లేచినా గుడిసెలు వదిలి బడో, గుడో, ఏదో ఓ శ్లాబు కిందికి పరుగెత్తడమే అందరికీ అలవాటు. పుట్టినప్పటి నుంచీ నేర్చిన పాఠం అది. అప్ప కూడా ఇంట్లోకే పరుగెత్తింది. గుమ్మంలో ఆగి, రేకుల పంచలో ఉన్న ఎదురింటావిడను కేకేసిందట. "ఆ రేకుల కింద ఉంటావేటే? మా ఇంట్లోకి రా! మా తమ్ముడు తట్టి సూసినాడు, మా ఇంటికేటీ అవదు!" ఆవిడ లేచేలోపే అప్ప నడిమి గదిలోకి పోయింది, అంతా అయిపోయింది.

"నీ మీద దానికి అంత నమ్మకం" అన్నాడు బావ, కళ్లు తుడుచుకుంటూ. నన్ను ఓదార్చడానికే అన్నాడు.

నేను ఉండబట్టలేకపోయాను. ఆ రోజు నేను చూసింది ఎరుపని, పసుపని అబద్ధం చెప్పానని, ఎవరూ అడగకుండానే చెప్పానని బావకు చెప్పేశాను. నా మాట అయ్యేదాకా కదలకుండా విన్నాడు. కొడతాడనుకున్నాను. కొడితే బాగుండేది.

నా వైపు చూడకుండానే అడిగాడు.

"ఎర్ర కాగితం ఉన్నాదా నీ కాడ?"

సంచిలో ఉందన్నాను.

"అంటించేసి ఎల్లిపో" అన్నాడు.