దోర్కాస్ వేళ్ళకు తోలు రావాలి

మా ఊళ్ళో జోగారావు నోరు మూయించిన మనిషిని ఒకే ఒక్కరిని చూశాను నేను. మా పక్కింటి దోర్కాస్. ఆమె జీడితోట గట్టున ఉన్న మొగలి కంచెను పక్క తోట వాడైన ఆ పెద్దమనిషి గజం లోపలికి జరిపి నాటాడు. అడిగితే "తోట నీదని కాయితం సూపించు" అన్నాడు. దోర్కాస్ రెండు చేతులూ అతని ముక్కు కిందకు చాపింది.

"ఇదిగో కాయితం. ఇన్నేళ్ళు జీడిపిక్కలు కొట్టి కొన్నాను. సదువుకో మావా. సదువు రాదా ఏటి?"

జీడి సొనకు కాలిన ఆ వేళ్ళు నల్లగా, గులకరాళ్ళలా నున్నగా ఉన్నాయి. చుట్టూ ఉన్నవాళ్ళు నవ్వారు. ఆ తోట ఆమెకు అమ్మిన నారాయణరావు కూడా వచ్చి, "నా సేత్తో గెల కోసి ఇచ్చినాను, ఇంకేటి కావాలి?" అన్నాడు. సాయంత్రానికి జోగారావే మొగలి పీకి పాత గట్టున నాటుకున్నాడు.

మా ఉద్దానంలో మా ఊరి పద్ధతి అది. తోట చేతులు మారితే అమ్మినవాడు కొబ్బరి గెల ఒకటి కోసి పదిమంది ముందు కొన్నవారి చేతిలో పెడతాడు. ఆ రోజు నుంచి తోట వాళ్ళది. రిజిస్ట్రారు ఆఫీసు ఎవరికీ గుర్తు రాదు. దోర్కాసుకీ రాలేదు. మొగుడు పోయాక ఆమెకు మిగిలింది ఆ తోట, అందులోని ఇల్లు.

నిరుడు నారాయణరావుకి కిడ్నీలు పోయాయి. పలాస వెళ్ళి రక్తం కడిగించుకుంటున్నాడు. మంచివాడు కాబట్టి తనే కబురు పెట్టాడు.

"దోర్కాసమ్మా, నానున్నప్పుడే రాయించుకో. నా పిల్లలు ఆ గెల సూడనేదు."

దస్తావేజు రాయించాం. పాస్‌బుక్కు, చలానా, ఆధార్లు అన్నీ సర్దుకుని ముగ్గురం ఆటోలో రిజిస్ట్రారు ఆఫీసుకి వెళ్ళాం. నేనొక సాక్షిని, ఆటో అతను రెండో సాక్షి. నేను చదివింది రెండో తరగతే అయినా సంతకం గుండ్రంగా పెడతాను, అక్కడి గుమాస్తా కంటే నయంగా. నా వేలిముద్ర ఒక్క తాకుకే పడింది. నారాయణరావుదీ పడింది. దోర్కాసుది పడలేదు.

కంప్యూటరు దగ్గరి అమ్మాయి ఆమె పది వేళ్ళూ గుడ్డతో తుడిచి తుడిచి నొక్కించింది.

"గీతలే లేవమ్మా. ఏం చేస్తుంటావు?"

"జీడిపిక్కలు కొడతాను."

ఫోనుకు ఓటీపీ నంబరు పంపిద్దామంటే ఆధార్‌లో ఉన్నది పోయిన మొగుడి నంబరు. అది మార్చాలన్నా వేలే కావాలట.

"కొనేవాళ్ళవీ అమ్మేవాళ్ళవీ వేలిముద్రలు ఉండాలి. తోలు వచ్చాక ఇద్దరూ కలిసి రండి" అన్నాడు లోపలి ఆఫీసరు.

"నానిప్పుడు ఏసేసి ఎలిపోతాను బాబూ. ఆవిడ తరవాత ఏసుకుంటాది" అన్నాడు నారాయణరావు.

"కుదరదండీ."

"ఈలోగా నాను పోతే?"

"మీ వారసులంతా వచ్చి సంతకాలు పెట్టాలి."

జోగారావుని ఊరి ముందు కడిగేసిన దోర్కాస్ అక్కడ చేతులు పైట కింద దాచుకుంది.

అప్పటి నుంచి పిక్కల పని మానేసింది. తోలు రావాలంటే చేతులు దేనికీ తగలకూడదు. వంట నాది, అంట్లు నావి. కొబ్బరి నూనె రాసుకుని వేళ్ళు ఒళ్ళో పెట్టుకుని కూర్చుంటుంది.

"ఊరికే కూకుంటే దొంగతనం సేసినట్టుంది అప్పా" అంటుంది. అక్కలాంటిదాన్నని నన్ను అప్పా అనే పిలుస్తుంది.

"ఆదివారం సర్చిలో కూకోవా ఏటే? అలాగే కూకో."

"సర్చిలో పాటుంటాది."

వేళ్ళ చివర తెల్లటి పొర వస్తోంది. అవతల నారాయణరావు కాళ్ళు ఉబ్బుతున్నాయి. మొన్న పలాస తీసుకెళ్ళడానికి ఇద్దరు పట్టుకుని ఆటో ఎక్కించారు. నా నోటికి జడిసేవాళ్ళు ఊళ్ళో చాలామందే ఉన్నారు. ఈ తోలునీ, ఆ కిడ్నీలనీ తిట్టి ఏం లాభం?

నిన్న అన్నం తింటూ దోర్కాస్ తలెత్తకుండా అడిగింది.

"అప్పా, పొద్దున్న పాలకెల్తావు గదా. రోజూ నారాయణరావుబాబు ఇంటి మీదుగా ఎల్లు. అరుగు మీద కూకున్నాడో నేదో సూసొచ్చి సెప్పు."

"నువ్వే ఎల్లొచ్చు గదే."

"నానెల్తే ఆ బాబు నా మొకం సూడడు, నా సేతులు సూత్తాడు. నువ్వెల్లు అప్పా. పలకరించకు. ఊరికే సూసి రా."