వెనక్కి చాచిన చెయ్యి

మంగళగిరిలో మా పెదనాన్న మగ్గం నేస్తుంటే, పెద్దమ్మ వెనకే రాట్నం దగ్గర కూర్చుని నూలు కండెలు చుట్టేది. పడుగు దారాల మధ్య అటూ ఇటూ పరిగెత్తే నాడెలో కండె అయిపోగానే ఆయన తిరిగి చూడకుండా ఎడమచెయ్యి వెనక్కి చాచేవాడు. కొత్త కండె అరచేతిలో పడేది. మాటలుండేవి కావు.

1990ల్లో ఒక వానాకాలం ఆమెకు జ్వరం పట్టుకుంది. పడుకోమంటే వినకుండా కండెలు చుడుతూనే మంచాన పడి, ఇక లేవలేదు.

తర్వాత వాళ్ళ కోడలు, మా వదిన, కండెలు చుట్టి బుట్టలో ఆయన పక్కనే పెట్టేది. అయినా చెయ్యి వెనక్కే వెళ్ళేది. కాసేపు ఖాళీగా ఆగి, తర్వాత బుట్ట తడుముకునేది. నేను వెళ్ళినప్పుడల్లా మగ్గం చప్పుడు ఆగితే చాలు, నా చూపు ఆ చేతిమీదికే పోయేది.

ఒక మధ్యాహ్నం వెనక్కి చాచిన ఆ చెయ్యి ఎంతసేపటికీ ముందుకు రాలేదు. చూడలేక బుట్టలోంచి ఒక కండె తీసి అరచేతిలో పెట్టాను.

ఆయన భుజాలు బిగుసుకున్నాయి. తల తిప్పలేదు.

"జ్వరం తగ్గిందా?" అన్నాడు.

నేనని చెప్పాలన్నా భయమే, ఊరుకోవాలన్నా భయమే.

ఆయన మెల్లిగా కండె నాడెలో పెట్టుకున్నాడు.

"పోయి పడుకో. కండెలు నేను చుట్టుకుంటాలే."