డేనియేలు గారు రాసిన సీను

మొన్న ఎన్నికల బందోబస్తుకి రాజోలు వచ్చిన పోలీసులు మా మేడ మీద గదిలో దిగారు. సిమెంటు మెట్ల మీద బూట్ల చప్పుడు వినగానే చేతిలో పని వదిలేసి తలుపు గడియ పెట్టుకున్నాను. యాభై దాటినా ఆ చప్పుడు నన్ను కువైట్‌లోని ఒక వంటింట్లోకి లాక్కుపోతుంది. వెంటనే డేనియేలు గారు గుర్తొస్తారు.

ఆయనది మా పక్క ఊరే. కుర్రతనంలో మద్రాసు వెళ్లి సినిమాలకు సీన్లు, మాటలు రాశారు. తెర మీద ఆయన పేరు ఒక్కసారీ పడలేదు. చివరికి బతుకుతెరువు కోసం కువైట్ వచ్చి, నేను వంట చేసే ఇంట్లోనే డ్రైవరుగా చేరారు. యుద్ధం వచ్చి ఇరాక్ సైన్యం ఊళ్లోకి దిగేసరికి, పని మీద వెళ్లిన మా యజమానులు పరాయి దేశంలో చిక్కుకుపోయారు. ఇంట్లో మిగిలింది మేమిద్దరం, వాళ్లమ్మాయి నూరా. ఆమె తండ్రి కువైట్ సైన్యంలో అధికారి. అలాంటివాళ్ల పిల్లల కోసం ఇల్లిల్లూ వెతుకుతున్నారని తెలిసిన రోజు నుంచి ఆ పదిహేడేళ్ల పిల్ల అన్నం ముట్టలేదు.

అప్పుడు డేనియేలు గారు కాగితాలు ముందేసుకుని ఒక సీను రాశారు. నూరాకి నా పాత చీర కట్టాలి. ఆమె నా చెల్లెలు, పుట్టు మూగ. సైనికులు ఏమడిగితే నేనేం చెప్పాలో అరబ్బీ మాటల్ని తెలుగు అక్షరాల్లో రాసి ఇచ్చారు.

"నావల్ల కాదండి, భయమేస్తోంది" అన్నాను.

"నాకూ భయమేనమ్మా. అందుకే మాటలు తక్కువ రాసేను. అడిగినదానికే చెప్పు. నోటికొచ్చేక కాగితాలు కాల్చెయ్యి."

"ఆయ్, అలాగేనండి" అన్నాను. కానీ కాల్చలేదు. కంగారులో మరిచిపోతానేమోనని పరుపు కింద దాచుకున్నాను.

వారం తర్వాత ఒక మధ్యాహ్నం ముగ్గురు సైనికులు వచ్చారు. నూరా వంటింట్లో కూర్చుని బియ్యంలో రాళ్లు ఏరుతోంది.

"ఎవరీ పిల్ల?" అన్నాడు ఒకడు.

"నా చెల్లెలు. మూగది."

"పాస్‌పోర్టు?"

"యజమాని దగ్గరుంది."

వాడు తలాడించి వెనుదిరుగుతుండగా, రెండోవాడు నా గదిలోంచి ఆ కాగితాలు పట్టుకొచ్చాడు. ఎన్నడూ చూడని లిపి. రహస్య సమాచారమనుకున్నారు. "ఎవరివివి?" అని అరిచాడు. ఆ ప్రశ్నకి జవాబు నాకెవరూ రాసివ్వలేదు.

"నావి. నేనే రాశాను. సినిమా కథ" అంటూ డేనియేలు గారు ముందుకొచ్చారు. ఆయన్ని జీపెక్కించి తీసుకుపోయారు. నూరా వంక మళ్లీ ఎవరూ చూడలేదు.

రెండు రోజుల తర్వాత ఆయన నడుచుకుంటూ వచ్చారు. కుడిచేతి వేళ్లు వాచిపోయి ఉన్నాయి. ఆ వేళ్లు మళ్లీ కలం పట్టలేదు. కొన్నాళ్లకి నూరా మేనమామ వచ్చి ఆమెను సరిహద్దు దాటించాడు. మేము బస్సుల్లో జోర్డాన్ చేరి, అక్కణ్ణుంచి ఇంటికొచ్చాం.

రాజోలులో ఆయన చర్చికి క్రిస్మస్ నాటకాలు చెబుతుంటే నేను రాసిపెట్టేదాన్ని. ఏ మాట ఉంచాలో, ఏది కొట్టెయ్యాలో అలాగే నేర్చుకున్నాను. ఒకసారి రాస్తూ రాస్తూ ఏడుపు ఆపుకోలేకపోయాను.

"ఆ కాగితాలు కాల్చనిది నేనండి. మీ చెయ్యి నావల్లే పోయింది."

"రాసింది నేనే కదమ్మా. నేనక్కడ అబద్ధమేం ఆడలేదు" అన్నారు. ఆ వెంటనే, "తర్వాత మాట రాసుకో" అన్నారు.

రాసుకున్నాను. ఆ రెండు రోజులూ ఆయన్ని ఏం చేశారో ఆయన ఎన్నడూ చెప్పలేదు. వినడానికి భయపడి నేనూ అడగలేదు. ఆయన పోయి ఆరేళ్లయింది. ఇప్పుడు చర్చి నాటకాలు నేనే రాస్తున్నాను. అడగని ఆ ప్రశ్న మాత్రం నా దగ్గరే ఉండిపోయింది.